కామాటిపుర: చట్టమే గీసిన వాడ

వ్యభిచార వాడగా పేరుపడ్డ ముంబై కామాటిపురకు ఆ పేరు మన కామాటీల, అంటే తెలుగు కూలీల వల్లే వచ్చింది. వర్లీ, మహాలక్ష్మిల మధ్య సముద్రపు గండికి 1780లలో కట్ట వేశాక, పోటు వస్తే మునిగే ఆ పల్లంలో మనుషులు ఉండే వీలు కలిగింది. నిజాం రాజ్యం నుంచి వలసపోయిన తెలుగు కూలీలు అక్కడ గుడిసెలు వేసుకుని నగరాన్ని కట్టారు.

1864 జనాభా లెక్కల నాటికి వ్యభిచార వృత్తిలోని స్త్రీలు ఊరంతా ఉన్నారు. గిర్గాంలో కామాటిపుర కంటే ఎక్కువమందే ఉండేవారు. 1868 అంటువ్యాధుల చట్టం వాళ్లను పోలీసుల లెక్కలోకి లాగింది: పేరు నమోదు, గడువు ప్రకారం వైద్య పరీక్ష, సుఖవ్యాధి కనిపిస్తే ఆ జబ్బులకే పెట్టిన లాక్ హాస్పిటల్‌లో నిర్బంధం. వచ్చే మగవాడికి ఏ పరీక్షా లేదు. బొంబాయిలో 1870లో అమలైన చట్టం ఖర్చు ఎవరు భరించాలన్న తగాదాతో 1872లో ఆగింది, 1880లో తిరిగొచ్చింది, 1888లో రద్దయింది. చాలామంది నమోదుకే రాలేదు. వస్తే నిర్బంధం తప్పదని తెలిసి ఎవరు వస్తారు?

వాడకు అసలు గీత పడింది ఆ తర్వాతే. 1902 పోలీసు చట్టంతో ఫలానా వీధి ఖాళీ చేయమనే అధికారం కమిషనర్‌కు దక్కింది. పెద్దమనుషుల వీధుల నుంచి గెంటేసిన స్త్రీలు కూలీల పేట కామాటిపురకు చేరారు. యూరోపియన్ స్త్రీలున్న సఫేద్ గల్లీని పోలీసులు చూసీచూడనట్టు నడవనిచ్చారు. తర్వాత వ్యభిచారాన్ని అరికట్టేందుకు 1923లో బొంబాయి చట్టం, 1956లో కేంద్ర చట్టం వచ్చాయి.

1986లో సవరించిన ఆ కేంద్ర చట్టమే నేటికీ ఆధారం. ఒంటరిగా, ఇష్టపూర్వకంగా ఈ పని చేయడం నేరం కాదు. 2022 మేలో సుప్రీంకోర్టు కూడా, పోలీసు దాడుల్లో ఆ మహిళలను అరెస్టు చేయవద్దంది. కానీ ఇద్దరు కలిసి ఒకే గదిలో పనిచేస్తే అది వ్యభిచార గృహం. ఆమె సంపాదనతో బతికే తల్లి, పద్దెనిమిది దాటిన కొడుకు కూడా నేరస్థులే అవ్వొచ్చు. బడికి, గుడికి 200 మీటర్లలోపు చేస్తే ఆమె కూడా దోషే. ఇరుకు గల్లీల్లో ఆ దూరం దొరికేదెక్కడ?

అన్నిటికంటే పెద్ద దెబ్బ అద్దె దగ్గర. తెలిసి గది ఇస్తే యజమానికీ శిక్షే, కాబట్టి రసీదు ఇవ్వడు. అధియా పద్ధతిలో సంపాదనలో సగం ఆ ఇల్లు నడిపే ఘర్‌వాలీకి పోతుంది, అద్దె కాగితం మాత్రం పనిచేసే మహిళ చేతికి రాదు. ఇప్పుడు పాత భవనాలు కూల్చి కట్టే పథకంలో ఇల్లు దక్కాలంటే ముందు చూపాల్సింది ఆ కాగితాన్నే.