తెలంగాణ ఎక్స్‌ప్రెస్ నెంబరు మూడుతో పోతది

కాజీపేటలో రూమ్ తీసుకుని బీటెక్ చదివే రోజుల్లో మా పెద్దమ్మ కొడుక్కి ఒక పిచ్చి పట్టింది. తెలంగాణ ఎక్స్‌ప్రెస్ వస్తే అందరూ సీటు కోసం చూస్తారు, వాడు నెంబరు చూసేవాడు. '12723. అంకెలు కూడితే 15. మూడుతో పోతది, ఇది కాదు.' ప్రధాన సంఖ్య అయితే అందులో ఏదో సంకేతం ఉన్నట్టే వాడి లెక్క.

ఈ పిచ్చికి మూలం సికాడా 3301 అనే ఇంటర్నెట్ పజిల్. తెలివైనవాళ్లు కావాలంటూ 2012 జనవరిలో ఎవరో నెట్‌లో ఒక బొమ్మ పెట్టారు. ఎవరన్నది నేటికీ తేలలేదు. బొమ్మ కొలతలు 509, 503. రెండూ ప్రధాన సంఖ్యలే. వాటిని 3301తో గుణిస్తే 845145127, అదే తర్వాతి వెబ్‌సైట్ అడ్రస్. అక్కడి నుంచి వార్సా, పారిస్, సియోల్ వీధుల్లో స్తంభాలకు అంటించిన పోస్టర్ల దాకా నడిపించారు. 2014లో వదిలిన పుస్తకంలో చాలా పేజీలు ఇంకా ఎవరికీ కొరుకుడు పడలేదు. మావాడు చిక్కుకున్నది అక్కడే.

ఈ తరహా ఆటలు అంతకుముందే ఉన్నాయి. 2001లో స్పీల్‌బర్గ్ సినిమా ప్రచారం కోసం మైక్రోసాఫ్ట్ 'ది బీస్ట్' నడిపింది. 'ఇది ఆట కాదు' అన్నదే దాని మొదటి నియమం. ఆడేవాళ్ల ఇళ్లకు నిజంగానే ఫోన్లు వచ్చేవి. ఆ ఏడాది సెప్టెంబర్ 11 దాడులు జరగ్గానే కొందరు ఆటగాళ్లు దాన్నీ పజిల్‌లా విప్పుదామన్నారు! ఆటగాళ్ల ఆన్‌లైన్ గ్రూప్ నడిపేవాళ్లే ఆపాల్సి వచ్చింది. పొంతన లేనివాటి మధ్య లింకు కనిపించే ఈ తీరుకు జర్మన్ వైద్యుడు క్లాస్ కాన్రాడ్ 1958లోనే అపోఫీనియా అని పేరు పెట్టాడు. ఆయన రాసింది మానసిక జబ్బు తొలి దశ గురించి. కొద్ది మోతాదులో అది అందరిలోనూ ఉంటుంది, నిద్ర మానేస్తే పెరుగుతుంది.

మా వైపు ఇళ్లలోకి ఈ టెన్షన్ 2017లో బ్లూ వేల్ పేరుతో వచ్చింది, పిల్లల్ని ఆత్మహత్య దాకా నడిపిస్తుందని చెప్పుకున్న ఆన్‌లైన్ ఆట అది. అప్పటికి జియో వచ్చి ఏడాది కాలేదు. ఆట ఎవరూ చూడలేదు, వాట్సాప్‌లో హెచ్చరికలు మాత్రం అందరికీ చేరాయి. ఆగస్టులో కేంద్రం లింకులు తీసేయమని కంపెనీలకు రాసింది. 2018 జనవరిలో అదే కేంద్రం, ఏ మరణం వెనుకా ఆ గేమ్ ఉన్నట్టు రుజువు కాలేదని పార్లమెంటుకు చెప్పింది. ఆ మాట ఏ వాట్సాప్ గ్రూపులోనూ తిరగలేదు.

మావాడికి మాత్రం రాత్రి నిద్ర పోయింది, రెండు సబ్జెక్టులు పోయాయి. గాలి సోకిందని పెద్దమ్మ తాయెత్తు కట్టించింది. లోపలి రేకు మీద గళ్లు గీసి అంకెలు వేసి ఉన్నాయి. వాడు దాన్ని విప్పి, పెన్ను తీసుకుని కూర్చున్నాడు.