నూటికి డెబ్బై పైసల వడ్డీ

తెనాలి,
ఆదివారం మధ్యాహ్నం.

బాబీకి, అమ్ములుకి తాతయ్య ఆశీస్సులు.

బాబీ, మొన్న ఫోనులో నువ్వు హైదరాబాద్ పక్కన అమీన్‌పూర్‌లో కొనబోయే ఫ్లాట్ సంగతి చెబుతుంటే సిగ్నల్ సరిగ్గా లేక సగమే వినపడింది. ఆ సగంలో ఒక్క మాట మాత్రం చెవిలో ఉండిపోయింది. "నెలకు 34 వేలే తాతయ్యా! అద్దె 22 వేలు ఎటూ కడుతున్నాం, ఇంకో 12 వేలు వేసుకుంటే ఇల్లు మనదవుతుంది" అన్నావు. ఆ 'వేలే' అన్నదాని గురించే ఈ ఉత్తరం. ఫోనులో లెక్కలు చెబితే నువ్వు ఊఁ కొట్టి ఊరుకుంటావు. కాగితం మీద పెడితే నీ చెల్లెలు కూడా చదువుతుంది. దానికి ఇంకా అప్పుల గొడవ లేదు కానీ, లెక్క ముందే తెలిస్తే పోయేదేముంది.

నీ అప్పుకి బ్యాంకు చెప్పిన వడ్డీ ఎనిమిదిన్నర శాతం అంటే నాకు ఇప్పటికీ బుర్రకెక్కదు. మా చిన్నప్పుడు ఊళ్లో శాతాల్లో మాట్లాడినవాళ్లు లేరు. నూటికి రూపాయి, రూపాయిన్నర, రెండు రూపాయలు, అంతా నెల లెక్కే. ఆ లెక్కన చూస్తే నీ బ్యాంకు వడ్డీ నూటికి 71 పైసలు. రెండు రూపాయల వడ్డీకి తెచ్చి పసుపు వేసినవాళ్ల మధ్య పెరిగాను నేను. డెబ్బై పైసల వడ్డీ అంటే ఊరికే ఇచ్చినట్టే అనిపించాలి. ఒకప్పుడు అనిపించింది కూడా. కానీ పసుపు అప్పు దుగ్గిరాల యార్డులో పంట అమ్మిన రోజున తీరిపోతుంది, మహా అయితే ఏడాది. నీ అప్పు 240 నెలలు.

నీ లెక్కే వేద్దాం. 50 లక్షల ఫ్లాటు, 40 లక్షల అప్పు, 20 ఏళ్లు. నెల నెలా కట్టే కిస్తీ, అదే ఈఎంఐ, 34,713 రూపాయలు. మొదటి నెల 40 లక్షల మీద వడ్డీ 28,333. అది పోగా అసలులో జమయ్యేది 6,380. అంతే! రెండో నెల ఆ 6,380 మీద వడ్డీ ఉండదు కాబట్టి 45 రూపాయలు మిగిలి అసలు వైపు జరుగుతాయి. మూడో నెల ఇంకో 45. చీమ బెల్లం మోసినట్టు నెల నెలా అలా జరుగుతూ పోవాలి.

ఏడాది తిరిగేసరికి నువ్వు కట్టింది 4 లక్షల 16 వేలు, అసలు తగ్గింది 80 వేల లోపు. ఐదేళ్లలో 20 లక్షల 83 వేలు కడతావు. అప్పటికి ఎంత బాకీ ఉంటుందో ఊహించు. 35 లక్షల 25 వేలు! పదేళ్లకు, అంటే సగం కాలం గడిచాక కూడా 28 లక్షలు ఉంటుంది. 40 లక్షల్లో సగం తీరేసరికి 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. నీకిప్పుడు 29. సగం అప్పు తీరిన రోజున నీకు 43 దగ్గర పడుతుంది. మొత్తం తీరేనాటికి కట్టింది 83 లక్షల 31 వేలు, అందులో వడ్డీ 43 లక్షల 31 వేలు.

ఇందులో మోసమేమీ లేదు, ఆ మాట కూడా చెప్పాలి. చక్రవడ్డీ అసలే కాదు. ఏ నెల బాకీకి ఆ నెల వడ్డీ, అంతే తీసుకుంటున్నారు. కాకపోతే బాకీ పెద్దదిగా ఉన్నన్నాళ్లూ వడ్డీ పెద్దదే. అందుకే ఈఎంఐ ఎంత అని అడిగితే నీకు ఏమీ తెలియదు. బాకీ ఎంత అని అడిగితే అన్నీ తెలుస్తాయి.

ఇది నాకెలా తెలిసిందంటే, దెబ్బ తిని. 2000లో ఈ ఇంటికి నేను 4 లక్షలు తీసుకున్నాను. 13 శాతం, మారని వడ్డీ, 15 ఏళ్లు, నెలకు 5,158. జీతంలో సగం దానికే పోయేది. మొదటి ఏడాది చివర పోస్టులో స్టేట్‌మెంట్ వచ్చింది. కట్టింది 61,896, అసలులో తగ్గింది 9,896. ప్రింటు తప్పు పడిందేమో అనుకుని అమ్మమ్మ చేత కూడా చదివించాను. తర్వాత అర్థమైంది. ఆ రోజుల్లో కొన్ని సంస్థలు బాకీని ఏడాదికోసారే తగ్గించేవి. ఏప్రిల్‌లో నేను కట్టిన డబ్బు మార్చి దాకా వాళ్ల దగ్గరే ఉంటుంది, కానీ వడ్డీ మాత్రం 4 లక్షలకీ పడుతుంది. ఒప్పందంలో ఆ ముక్క ఉంది. చదవకుండా సంతకం పెట్టింది నేనే. ఇప్పుడు నెల నెలా తగ్గిస్తున్నారు, ఆ బాధ నీకు లేదు.

దానికన్నా సిగ్గుపడే పని ఒకటుంది. 2005లో పొలం కౌలు డబ్బు, అరియర్సు కలిపి 50 వేలు చేతికొచ్చాయి. అసలులో కట్టేద్దామని వెళ్తే, ముందే కడితే 2 శాతం రుసుము అన్నారు. అంటే వెయ్యి రూపాయలు. నా డబ్బు నేను కట్టడానికి నేనే ఎదురు కట్టాలా అని కోపం వచ్చి, ఆ 50 వేలూ తీసుకెళ్లి 6 శాతానికి ఫిక్స్‌డ్ డిపాజిట్ చేశాను. 13 వడ్డీ కడుతూ 6 వడ్డీకి దాచుకున్నాను, లెక్కల మాస్టారిని! స్టాఫ్ రూములో ఆ సంగతి నేను ఎవరికీ చెప్పలేదు. అమ్మమ్మకు మాత్రం తెలుసు, ఇప్పటికీ సందర్భం వస్తే వదిలిపెట్టదు.

ఊళ్లో అయితే ఈ గొడవే లేదు. చేతిలో పదివేలు ఆడితే అప్పిచ్చినాయన అరుగు మీద కూర్చుని, ప్రామిసరీ నోటు వెనక చెల్లు, అంటే అసలులో ఇంత కట్టామని, రాయించుకుని వచ్చేవాళ్లం. ఆ రోజు నుంచి అంత మేరకు వడ్డీ ఆగిపోతుంది. నీకూ ఇప్పుడు ఆ వీలుంది. మారే వడ్డీ మీద ఇచ్చిన ఇంటి అప్పును ముందే తీర్చినా రుసుము తీసుకోకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే బ్యాంకులకు చెప్పింది. నాకు ఏడేళ్లు ఆలస్యంగా వచ్చిన రూలు నీకు పుట్టుకతో వచ్చినట్టే.

ఆ చెల్లు విలువ చూడు. మొదటి ఏడాది చివర నీ బోనస్‌లోంచి ఒక్క లక్ష అసలులో వేశావనుకో, ఈఎంఐ అలాగే ఉంచావనుకో. చివర దాదాపు 14 ఈఎంఐలు ఎగిరిపోతాయి, అంటే 4 లక్షల 77 వేలు. ఏటా ఒక ఈఎంఐ అదనంగా కడుతూ వస్తే 20 ఏళ్ల అప్పు 16 ఏళ్ల 8 నెలల్లో తీరుతుంది. బ్యాంకులో మాత్రం స్పష్టంగా చెప్పు, "ఈఎంఐ తగ్గించొద్దు, గడువు తగ్గించండి" అని. నోటితో చెప్పి వచ్చేయకు, రాసిచ్చి నకలు మీద ముద్ర వేయించుకో.

బిల్డర్ ఆఫీసులో కుర్రాడు 30 ఏళ్లకు పెట్టుకోమన్నాడని కూడా అన్నట్టున్నావు. ఈఎంఐ 30,757కి దిగుతుంది. నెలకు 3,956 మిగులు. వడ్డీ మాత్రం 70 లక్షల 72 వేలు అవుతుంది. నెలకు నాలుగు వేల ఊరట కోసం 27 లక్షల చిల్లర అదనం. అదే 15 ఏళ్లకు పెట్టుకుంటే ఈఎంఐ 39,390, వడ్డీ 30 లక్షల 90 వేలే. ఆ కుర్రాణ్ణి ఏమీ అనను, వాడి ఉద్యోగం ఫ్లాటు అమ్మడం.

ఇక మీ పిన్ని కథ. అది 2021 మార్చిలో 40 లక్షలు తీసుకుంది, ఆరుముప్పావు శాతానికి. ఈఎంఐ 30,415. అప్పట్లో రిజర్వ్ బ్యాంకు రెపో రేటు, అంటే బ్యాంకులకు అది అప్పిచ్చే రేటు, 4 శాతం. 2022 మేలో పెంచడం మొదలుపెట్టి 2023 ఫిబ్రవరి కల్లా ఆరున్నరకు తెచ్చారు. మారే వడ్డీ మీద బ్యాంకులు ఇచ్చే కొత్త ఇంటి అప్పులు 2019 అక్టోబరు నుంచి రెపో లాంటి బయటి రేటుకు ముడిపడి ఉన్నాయి కాబట్టి దాని వడ్డీ కూడా తొమ్మిదింబావుకు ఎక్కింది. నేను భయపడుతూ అడిగితే, "నా ఈఎంఐ ఒక్క రూపాయి పెరగలేదు నాన్నా" అని నవ్వింది. నాకు నవ్వు రాలేదు. స్టేట్‌మెంట్ తెప్పించాను. బాకీ 38 లక్షల 50 వేలు. దాని మీద నెల వడ్డీ 29,677. 30,415 కడితే అసలుకు జమయ్యేది 738 రూపాయలు! అలాగే వదిలేస్తే తీరడానికి ఇంకా 40 ఏళ్లు పడుతుంది. ఈఎంఐ పెరగలేదు నిజమే, గడువు పెరిగింది. మెసేజ్ వచ్చిందట, ఆఫర్ల మెసేజ్ అనుకుని చూడలేదట.

ఇలాంటివి చాలామందికి జరిగాయి. 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు కొత్త ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలో, గడువు పెంచుకోవాలో, రెండూ కొంత కొంతో అప్పు తీసుకున్నవాళ్లనే అడగాలి. పిన్ని ఈఎంఐ పెంచుకుంది, కొంత చెల్లు వేసింది. 2025లో రెపో మళ్లీ మెట్లు మెట్లుగా దిగింది. అప్పుడు ఈఎంఐ తగ్గించుకుంటాను అంటే నేనే వద్దన్నాను.

అప్పు కాకుండా అయ్యే ఖర్చు కూడా ఉంది, ముందు రాసుకో. చేతి నుంచి 10 లక్షలు. కట్టుబడిలో ఉన్న ఫ్లాటు కాబట్టి జీఎస్టీ 5 శాతం, రెండున్నర లక్షలు. తెలంగాణలో రిజిస్ట్రేషన్ అన్నీ కలిపి ఏడున్నర శాతం, 3 లక్షల 75 వేలు. ఇవేవీ ఈఎంఐలో కనపడవు. తాళాలు చేతికొచ్చేదాకా ప్రీ-ఈఎంఐ అని ఉత్త వడ్డీ కట్టించుకుంటారు. ఆ నెలల్లో అసలు ఒక్క రూపాయి కూడా కదలదు, పైగా నీకు అద్దె తప్పదు. ఇన్సూరెన్స్ అని 80 వేల ప్రీమియం అప్పులోనే కలిపేస్తామంటే ఆగు. ఆ 80 వేలు 20 ఏళ్ల ఈఎంఐలో లక్షా 66 వేలవుతుంది. ఇన్సూరెన్స్ వద్దని కాదు. విడిగా టర్మ్ పాలసీ, అంటే గడువులోపు మనిషి పోతే ఇంటివాళ్లకు డబ్బిచ్చే బీమా, తీసుకో, కచ్చితంగా తీసుకో.

టాక్స్ కలిసొస్తుందని మీ ఆఫీసులో ఎవరో చెప్పే ఉంటారు. సొంతంగా ఉండే ఇంటికి, పాత పన్ను పద్ధతిలో ఏడాదికి 2 లక్షల వడ్డీ దాకా మినహాయింపు ఉంది. కొత్త పద్ధతి ఎంచుకుంటే అదీ లేదు. ఉన్నా కూడా, 60 వేలు మిగుల్చుకోవడానికి 2 లక్షలు వడ్డీ కట్టడం ఏం లాభమో నాకు బోధపడదు.

ఇదంతా చదివి ఫ్లాటు మానుకోమంటున్నాననుకోకు. 2000లో నా జీతంలో సగం మింగిన 5,158, 2014కి వచ్చేసరికి కిరాణా బిల్లంత అయింది. జీతం పెరుగుతుంది, వడ్డీ రేటు మారకపోతే ఈఎంఐ పెరగదు. అప్పు తీసుకున్నవాడికి ధరల పెరుగుదల చేసే మేలు అదొక్కటే, తక్కువదేం కాదు. ఈ ఇల్లు లేకపోతే మీ పిన్ని పెళ్లి ఏ అద్దెవాకిట్లో చేసేవాళ్లమో! 83 లక్షలు పెట్టి కొంటున్నానని తెలిసి కొంటే నాకు అభ్యంతరం లేదు. 34 వేలకు కొంటున్నానని అనుకుంటేనే బాధ.

ఇంకొక్కటి. చివరి కిస్తీ కట్టాక నా పత్రాలు తిరిగి రావడానికి నాలుగు నెలలు తిరిగాను, ఒక లింక్ డాక్యుమెంటు, అంటే అంతకుముందు యజమానుల దస్తావేజు, వేరే ఊళ్లో ఉందంటూ. ఇప్పుడు 30 రోజుల్లో ఇవ్వాలి, వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు 5 వేలు ఇచ్చుకోవాలి. 2023 డిసెంబరు నుంచి ఆ రూలు ఉంది. అయినా పత్రాలు అప్పగించేటప్పుడే ప్రతి కాగితానికీ జాబితా రాయించి సంతకం తీసుకో.

అమ్ములూ, ఇంటర్‌లో లాగరిథమ్స్ దేనికి పనికొస్తాయని అడిగావు కదా, ఇదిగో. అన్నయ్య లక్ష రూపాయలు మొదటి ఏడాది చివర చెల్లు వేస్తే దాదాపు 14 ఈఎంఐలు తగ్గాయి. అదే లక్ష పదో ఏడాది చివర వేస్తే ఎన్ని తగ్గుతాయి? ఫోనులో యాప్ చూసి చెప్పకు. స్టెప్పులన్నీ కాగితం మీద చేసి, అన్నయ్య శాంక్షన్ లెటర్ జెరాక్సు వెనకే రాసి పంపించు. దిద్ది పంపుతాను.

ఇట్లు,
మీ తాతయ్య