అమలాపురం వీడియో వెనక 1991 నాటి లెక్క

నలభై సెకన్ల వీడియో ఒకటి ఈ వారం మళ్లీ చక్కర్లు కొడుతోంది. నిరుడు అమలాపురంలో ఒక సైన్స్ ప్రదర్శనలో ముగ్గురు బీఎస్సీ విద్యార్థులు పెట్టిన ప్రాజెక్టును ఎవరో ఫోనులో తీసి, 'కోనసీమ పిల్లలు క్వాంటమ్ కంప్యూటర్లో కాలాన్ని వెనక్కి తిప్పారు' అని రాసి వదిలారు. అప్పట్లో నాలుగు రోజులు గొడవ జరిగి చల్లారింది. నిర్వాహకులు ప్రాజెక్టును 'అశాస్త్రీయం' అని ప్రదర్శన నుంచి తీసేయించారు. అమరావతి క్వాంటమ్ వ్యాలీలో క్వాంటమ్ కంప్యూటర్లో సమాచారపు తునకలైన క్యూబిట్లు 156 ఉన్న ఐబీఎం యంత్రం పెడతామని 2025లో ప్రకటన వచ్చిన దగ్గర్నుంచి జనంలో క్వాంటమ్ మాట ఎక్కువైంది కదా, ఆ ఊపులో ఈ వీడియో కూడా మళ్లీ పైకి తేలింది. రాజోలు నుంచి రామచంద్రపురం దాకా వాట్సాప్ గ్రూపుల్లో రెండు జట్లు కట్టారు. ఇది పచ్చి మోసం, తీసేయించి మంచి పని చేశారని ఒక జట్టు. కేంబ్రిడ్జి వాళ్లే ఒప్పుకున్నారు, అసలు మన పురాణాల్లో ఎప్పుడో ఉందని ఇంకో జట్టు.

పురాణం సంగతి ముందు తేల్చేద్దాం. అందరూ ఎత్తుతున్నది రైవతుడి కథ. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడగడానికి బ్రహ్మలోకం వెళ్లి, కాసేపు ఆగి, తిరిగొచ్చేసరికి భూమ్మీద 27 మహాయుగాలు గడిచిపోయాయి. కథ గొప్పది. ఊహ ఇంకా గొప్పది. కానీ రైవతుడు వెళ్లింది భవిష్యత్తులోకి. దాని మీద భౌతిక శాస్త్రంలో వివాదమే లేదు. కాకినాడ, అంతర్వేది బోట్లలో దారి చూపే జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు మన గడియారాల కంటే రోజుకు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. ఆ తేడాను సరిదిద్దకపోతే రోజు తిరిగేసరికి బోటు ఉన్న చోటు పది కిలోమీటర్ల పైన తప్పు చూపిస్తుంది. ముందుకు వెళ్లడం ఇంత మామూలు విషయం. పేచీ అంతా వెనక్కి వెళ్లడం దగ్గరే. తాతను చంపితే మనవడు పుట్టడు, మనవడు పుట్టకపోతే తాతను చంపేదెవరు అన్న ప్రశ్న అక్కడే లేస్తుంది.

ఐన్‌స్టీన్ సమీకరణాల్లో గతంలోకి తిరిగొచ్చే దారులున్నాయని 1949లో గోడెల్ చూపించడం, 1988లో కిప్ థోర్న్ బృందం వార్మ్‌హోల్‌తో కాలయంత్రాన్ని ఊహించడం, ప్రకృతి అలాంటివి కానివ్వదని 1992లో హాకింగ్ వాదించడం తెలుగులో చాలాసార్లు వచ్చిన సంగతులే. వాటిని దాటేస్తున్నాను. అమలాపురం బల్ల మీద ఉన్న ప్రాజెక్టుకూ వాటికీ నేరుగా సంబంధం లేదు. అక్కడ స్థలకాలాన్ని ఎవరూ వంచలేదు. అక్కడ ఉన్నది ఒక ల్యాప్‌టాప్, ఒక సర్క్యూట్ బొమ్మ, కొన్ని కమ్మీ చిత్రాలు (బార్ గ్రాఫులు). కాలప్రయాణమనే మాట సర్క్యూట్ బొమ్మలోకి ఎలా వచ్చిందన్నదే అసలు కథ. నా ఉద్దేశంలో ఈ గొడవంతా అర్థం కావాలంటే చూడాల్సిన సంవత్సరం 1991.

ఆ ఏడాది ఆక్స్‌ఫర్డ్‌లో డేవిడ్ డాయిచ్ ఒక పరిశోధన పత్రం ప్రచురించారు. సార్వత్రిక క్వాంటమ్ కంప్యూటర్ ఎలా ఉండాలో 1985లో సిద్ధాంతం రాసిపెట్టింది కూడా ఆయనే. అమరావతికి వస్తుందంటున్న యంత్రానికీ, ఈ కాలప్రయాణపు లెక్కకూ పుట్టుక ఒకే చేతి మీద జరిగిందన్న మాట. అప్పటిదాకా కాలవలయం, అంటే గతంలోకి తిరిగొచ్చే దారి గురించి రాసినవాళ్లు వెనక్కి పోయేది ఒక బంతో, ఒక మనిషో అనుకుని లెక్క కట్టేవారు. డాయిచ్ వస్తువును పక్కనపెట్టి సమాచారాన్ని తీసుకున్నారు. కాలవలయం ఎలా ఏర్పడుతుందన్న ప్రశ్న జోలికి పోలేదు. అలాంటిది ఒకటి ఉందనుకుంటే, దాని గుండా వెనక్కి వెళ్లిన ఒక క్యూబిట్ ఏ స్థితిలో ఉండాలి? ఇదొక్కటే అడిగారు.

తాత చిక్కుప్రశ్నను ఆయన ఇలా కుదించారు. ఒక బిట్ గతంలోకి వెళ్లి, తన పాత రూపాన్ని కలిసి, దాన్ని తలకిందులు చేస్తుంది. 0గా బయల్దేరితే 1 కావాలి, 1గా బయల్దేరితే 0 కావాలి. మామూలు బిట్‌కు ఇందులో పరిష్కారం లేదు. కానీ క్వాంటమ్ స్థితికి 0, 1లలో ఒకటే అయి తీరాలన్న నిర్బంధం లేదు. సగం 0, సగం 1గా ఉన్న మిశ్రమ స్థితిని తలకిందులు చేస్తే ఏమొస్తుంది? సగం 1, సగం 0. అంటే మళ్లీ అదే. వలయంలోకి ఏది వెళ్లిందో అదే బయటికొచ్చింది, పొంతన కుదిరింది. ఈ ఒక్క సందర్భమే కాదు, ఎలాంటి సర్క్యూట్ ఇచ్చినా, లోపలికి ఏది పంపినా పొంతన కుదిరే స్థితి కనీసం ఒకటి ఉండి తీరుతుందని డాయిచ్ నిరూపించారు. అలాంటివి ఒకటికి మించి ఉంటే ఎంట్రోపీ (అస్తవ్యస్తతకు కొలత) ఎక్కువున్నదాన్ని తీసుకోవాలన్నారు. భవిష్యత్తు నుంచి ఒక సిద్ధాంత నిరూపణ తెచ్చి దాన్ని రాసిన పండితుడికే ఇస్తే, ఆ నిరూపణ ఎవరి బుర్రలో పుట్టినట్టు? ఆ రెండో చిక్కును కూడా ఈ నియమంతో అడ్డుకోవచ్చన్నది ఆయన ఆలోచన.

ఈ సగం సగానికి ఆయన చెప్పిన అర్థం కూడా తెలుసుకోవాలి. డాయిచ్ బహుళ విశ్వాలను నమ్మే మనిషి. మనవడు ఒక విశ్వంలో బయల్దేరి ఇంకో విశ్వంలో దిగుతాడు, అక్కడి తాతను చంపినా తన పుట్టుకకు ముప్పు లేదు. వినడానికి హాయిగా ఉంటుంది. అందుకే పత్రికలకు ఈ భాగమే బాగా ఎక్కింది. లెక్కలో ఆయన చెల్లించిన మూల్యం మాత్రం ఎక్కడా ఎక్కలేదు.

ఆ మూల్యం చిన్నది కాదు. క్వాంటమ్ సిద్ధాంతం మొత్తం నిలబడింది దాని సమీకరణాలు సరళరేఖీయం కావడం మీద, అంటే రెండు స్థితులను కలిపి పంపితే వాటి ఫలితాలూ అలాగే కలిసి రావడం మీద. డాయిచ్ నియమంలో అది పోతుంది. అది పోతే ఏమవుతుందో 2009లో బ్రన్, హారింగ్టన్, వైల్డ్ చూపించారు. ఒకదానితో ఒకటి కొంత కలిసిపోయి ఉండే రెండు క్వాంటమ్ స్థితులను పక్కాగా విడదీసి చెప్పడం ఎవరి వల్లా కాదు. 1984లో బెనెట్, బ్రసార్డ్ కనిపెట్టిన రహస్య సంకేత పద్ధతికి కాపలా ఆ అసాధ్యతే. డాయిచ్ వలయం చేతిలో ఉంటే ఆ కాపలా తెగిపోతుంది. అదే ఏడాది ఆరన్సన్, వాట్రస్ ఇంకో సంగతి నిరూపించారు. అలాంటి వలయం దొరికితే మామూలు కంప్యూటరుకూ క్వాంటమ్ కంప్యూటరుకూ శక్తిలో తేడానే ఉండదు, రెండూ ఊహకందనంత బలమైనవైపోతాయి. ఇంత లాభం ఊరికే వస్తుందంటే లెక్కలో ఎక్కడో తేడా ఉందని అనుమానించాలి. ఆ అనుమానాన్ని గట్టిగా పైకి చెప్పింది ఐబీఎంలో పనిచేసే బెనెట్, ఆయన సహచరులే. లోపలికి పంపేది ఏదో ముందే తెలిసిన ఒక్క స్థితి అనుకున్నంతసేపే ఈ లాభాలు కనిపిస్తాయి, నిజంగా పంపేటప్పుడు ఉండే అనిశ్చితిని కూడా లెక్కలో కలిపితే మాయమవుతాయి అని 2009లోనే రాశారు. ఈ విమర్శకు నేను ఎక్కువ బరువిస్తాను. డాయిచ్ ప్రశ్న అడిగిన తీరు అద్భుతం. ఆయన జవాబు కంటే ఆ ప్రశ్నే ఎక్కువ కాలం నిలుస్తుందని నా నమ్మకం.

ఇక రెండో దారి. అమలాపురం పిల్లలు పట్టుకున్నది దీన్నే.

దీని మూలం 1993 నాటి టెలిపోర్టేషన్ పత్రం. ఒక క్యూబిట్ స్థితిని దూరంగా ఉన్న ఇంకో క్యూబిట్‌కు చేర్చడమే టెలిపోర్టేషన్. అందులోనూ మొదటి పేరు బెనెట్‌దే. పెనవేసుకున్న, అంటే ఒకదాని ఫలితం ఇంకోదానితో ముడిపడి ఉండే రెండు క్యూబిట్లలో ఒకటి కాకినాడలో, ఇంకోటి నరసాపురంలో ఉన్నాయనుకోండి. కాకినాడ మనిషి తన దగ్గరున్న ఒక కొత్త స్థితిని, పెనవేసుకున్న సగంతో కలిపి కొలుస్తాడు. నాలుగు ఫలితాల్లో ఏదో ఒకటి వస్తుంది. మూడింటిలో నరసాపురం మనిషికి ఫోను చేసి 'నీ క్యూబిట్‌ను ఇలా సరిదిద్దు' అని చెప్పాలి. నాలుగోదాంట్లో ఏమీ చెప్పక్కర్లేదు. అక్కడి క్యూబిట్ అప్పటికే సరైన స్థితిలో ఉంటుంది, కొలవకముందే సంగతి చేరిపోయినట్టు. ఈ 'చేరిపోయినట్టు'నే భౌతిక శాస్త్రవేత్త సేథ్ లాయిడ్ బృందం పట్టుకుంది. మిగతా మూడు ఫలితాలూ పక్కన పడేసి ఆ ఒక్కటే ఉంచుకుంటే, ఆ ఎంచిన పరుగుల్లో (ప్రయోగాన్ని ఒక్కసారి నడపడమే ఒక పరుగు) లెక్క అచ్చం కాలవలయం లెక్కలా నడుస్తుంది. దీన్ని పోస్ట్‌సెలెక్షన్ అంటారు. కడియం నర్సరీలో వంద అంట్లు కట్టి, పట్టిన పాతికనే బల్ల మీద పెట్టి 'కట్టినవన్నీ పట్టాయి' అంటే ఎలా ఉంటుందో, పడేసినవాటి లెక్క చెప్పకుండా ఈ ఫలితం ఒక్కటే చెప్పడం అలా ఉంటుంది.

2011లో లాయిడ్ బృందం దీన్ని ఒక్క ఫోటాన్‌తో, అంటే ఒక్క కాంతి కణంతో చేసి చూపించింది. ఫోటాన్ తన గతాన్ని తానే తుడిచేసే ఏర్పాటుకు 'క్వాంటమ్ తుపాకీ' అని పేరు పెట్టారు. తుపాకీ గురిని తిప్పుతూ పోయారు. ఎంచిన ప్రతి పరుగులోనూ తేలింది ఒకటే, తుపాకీ పేలలేదు. గురి కుదిరేకొద్దీ ఎంచడానికి మిగిలే పరుగులు తగ్గుతూ వస్తాయి. గురి నూటికి నూరుపాళ్లూ కుదిరితే సిద్ధాంతం ప్రకారం ఒక్కటీ మిగలదు. తాత చావడు, విశ్వాలు చీలవు, పొంతన లేని కథ అసలు జరగనే జరగదు. డాయిచ్ దారి కంటే ఇదే నాకు ఒప్పుదలగా అనిపిస్తుంది. ఏమేం పడేశామో బాహాటంగా చెప్పి మరీ లెక్క చూపించే దారి ఇది.

అమలాపురం బల్ల మీద ఉన్నది ఈ సర్క్యూటే. ఐబీఎం 2016 నుంచి తన క్వాంటమ్ యంత్రాలను ఇంటర్నెట్ ద్వారా బయటివాళ్లకు అందుబాటులో పెట్టింది. పిల్లలు దాని మీద పరుగులు పెట్టి కమ్మీ చిత్రాలు గీశారు. చార్టు నేను చూశాను. ఎంచడానికి ఎన్ని పరుగులు మిగిలితే కమ్మీ అంత పొడవు. ఎడమ పక్కన తుపాకీ లేని పరుగు, పొడవాటి కమ్మీ. మధ్యలో సగం గురి, పొట్టి కమ్మీ. కుడి పక్కన పూర్తి గురి. అక్కడ సున్నా ఉండాలి. ఉన్నది వేలి గోరంత కమ్మీ. దాని కింద స్కెచ్ పెన్నుతో, తెలుగులో, 'ఇది యంత్రం పొరపాటు, సున్నాగా చదువుకోవాలి' అని రాశారు. చార్టు అడుగున, ఎన్ని పరుగులు పడేశామో విడిగా పట్టిక వేశారు. ఇప్పటి క్వాంటమ్ యంత్రాల్లో గేటు (సర్క్యూట్‌లో ఒక్కో లెక్క మెట్టు) పనిచేసేటప్పుడూ, చివర్న విలువ చదివేటప్పుడూ తప్పులు దొర్లుతాయి. ఆ గోరంత కమ్మీ వాటి ఫలితమే.

వీడియోలో ఎర్ర గీత చుట్టింది సరిగ్గా ఆ కమ్మీ చుట్టూనే. దాని కింద రాసిన వాక్యం ఫ్రేములోకి రాలేదు. 'ప్రకృతి నియమాన్ని దాటిన క్షణం' అని పైన అక్షరాలు తిరుగుతాయి.

దీనికి కేంబ్రిడ్జిని ఎందుకు సాక్ష్యం తెస్తున్నారంటే, 2023లో అక్కడి అర్విడ్సన్-షుకుర్, మరో ఇద్దరు కలిసి ఒక సిద్ధాంత పత్రం రాశారు. కొలత ప్రయోగంలో ఫోటాన్‌ను ఏ స్థితిలో పంపి ఉంటే బాగుండేదో పంపాక తెలిస్తే, పోస్ట్‌సెలెక్షన్‌తో వెనక్కెళ్లి మార్చినట్టుగా లాభం పొందవచ్చని అందులో చూపించారు. నాలుగింట ఒకసారే కుదురుతుంది. మేం చెప్పేది కాలయంత్రం కాదని వాళ్లే స్పష్టంగా అన్నారు. 2014లో క్వీన్స్‌లాండ్ బృందం డాయిచ్ నమూనాను రెండు ఫోటాన్లతో చేసినప్పుడూ ఇదే జరిగింది. ఏ ఫోటానూ గతంలోకి పోలేదు, రెండోది మొదటిదాని పాత రూపం పాత్ర పోషించింది. 2019లో లెసోవిక్ బృందం ఐబీఎం యంత్రం మీద రెండు క్యూబిట్లను తొలి స్థితికి తిరిగి తెచ్చింది. 85 శాతం సార్లు కుదిరింది, మూడు క్యూబిట్లయితే సగం సార్లే. ప్రపంచమంతా 'కాలాన్ని వెనక్కి తిప్పారు' అని అచ్చేసింది. స్థితి వెనక్కొచ్చింది, కాలం కాదు. పత్రాల్లో ఉన్న 'నమూనా' అనే మాట శీర్షికల్లో రాలిపోవడం అప్పటికే అలవాటుగా మారింది. ఆ అలవాటు ఫలితం ముగ్గురు కుర్రవాళ్ల నెత్తిన పడింది.

తీసేయించినవాళ్ల వాదనలో పస లేకపోలేదు. బోర్డు పైన పెద్దక్షరాల్లో 'గతంలోకి ప్రయాణం' అనీ, కింద చిన్నగా 'క్వాంటమ్ నమూనా' అనీ ఉంది. దూరం నుంచి చూసినవాడికి పైదే కనిపిస్తుంది. శీర్షిక మార్చమని అడిగి ఉంటే సరిపోయేది. పడేసిన పరుగుల లెక్కతో సహా చూపించిన ప్రాజెక్టుకు 'అశాస్త్రీయం' అన్న ముద్ర తగదు.

ఈ ఏడాది ప్రదర్శనకు పిల్లలు మళ్లీ దరఖాస్తు పెట్టారు. కొత్త బోర్డులో 'నమూనా' పైకి వచ్చింది. గోరంత కమ్మీకి వేరే రంగు వేసి, పక్కనే యంత్రం తప్పుల శాతం రాశారు. నిర్వాహకుల నుంచి ఇంకా జవాబు రాలేదు.