మార్క్ నాఫ్లర్ గిటార్: విద్యార్థుల్లో నాటుకుపోయిన అపోహలు, అసలు వాస్తవాలు

నేను గిటార్ నేర్పుతాను. రాక్ సంగీతం మీద మనసుపడి వచ్చేవారిలో చాలామంది ఎప్పుడో ఒకప్పుడు ‘సుల్తాన్స్ ఆఫ్ స్వింగ్’ నేర్పమంటారు. ఆ పాట రాసి, పాడి, వాయించిన మార్క్ నాఫ్లర్ గురించి రకరకాల మాటలు వాళ్లతోపాటే వస్తాయి. కొన్ని పూర్తిగా తప్పు, కొన్ని సగం నిజం. ఆ సగం నిజాలు నెలల తరబడి సాధనను దారి తప్పించడం చూస్తున్నాను కాబట్టి ఇది రాయక తప్పడం లేదు.

అపోహ: పిక్ (తీగలు మీటే చిన్న పలక) లేకుండా రాక్ గిటార్‌లో వేగం రాదు.

వాస్తవం: ‘సుల్తాన్స్’ మొత్తం వేళ్లతో వాయించినదే. నాఫ్లర్ ప్రధానంగా వాడేది కుడిచేతి బొటనవేలు, చూపుడువేలు, మధ్యవేలు. మిగిలిన రెండు వేళ్లు గిటార్ మీద ఆని చేతికి స్థిరత్వం ఇస్తాయి. లండన్‌లో ఉన్న తొలిరోజుల్లో నెక్ (తీగలు నొక్కే పొడవాటి మెడ) వంగిపోయిన ఒక పాత అకౌస్టిక్ గిటారుకు బాగా పలుచని తీగలు బిగించుకుని, దాన్ని వేళ్లతో తప్ప వాయించలేక వాయిస్తూ, తన గొంతేమిటో అక్కడే తెలుసుకున్నానని ఆయనే చెప్పాడు.

వేళ్లతో వాయిస్తే ఏమిటి లాభం? తీగను మీటిన చర్మమే మరుక్షణం దాన్ని ఆపగలదు. ఒక స్వరాన్ని గట్టిగా గుంజి వదిలి, పక్క స్వరాన్ని గుసగుసలా పలికించవచ్చు. ఆ పాటలో మనల్ని పట్టి లాగేది వేగం కంటే ఈ హెచ్చుతగ్గులే. చివర్లో అందరూ భయపడే ఆ జోరైన భాగం కూడా డి మైనర్, సి, బి ఫ్లాట్ అనే కార్డుల (కలిపి మోగించే స్వరాల గుంపుల) స్వరాలను విడగొట్టి మీటడమే. స్కేళ్లు, అంటే స్వరాల వరుసలు, పరుగెత్తించడం కాదు. ఆ మూడు కార్డుల ఆకారాలు ఎడమచేతికి పట్టుబడి, కుడిచేతి వేళ్ల వరుస కుదిరితే వేగం తర్వాత వస్తుంది. తాళం కొట్టే మెట్రోనోమ్‌ను సగం వేగానికి పెట్టుకోవడానికి నామోషీ పడేవాళ్లే అక్కడ చిక్కుకుపోతారు.

ఇంకొక మాట. ఆ పాటను సోలోల కోసమే వింటే సగం పోగొట్టుకున్నట్టే. ఆయన ఒక పంక్తి పాడి ఆగగానే గిటార్ చిన్న సమాధానం చెబుతుంది. మన కచేరీలో గాయకుడు ఆగినచోట వయొలిన్ అందుకుంటుంది చూడండి, అలా. తేడా ఏమిటంటే ఇక్కడ ఇద్దరూ ఒక్కరే. గాయకుడూ వాద్యకారుడూ ఒకే మనిషి కావడంతో ఎక్కడ ఊరుకోవాలో ఆ చేతికి తెలుసు. నా దృష్టిలో నాఫ్లర్ గొప్పతనమంతా ఈ ఊరుకోవడంలోనే ఉంది. ముందు పాట పాడుతూ వట్టి కార్డులు వాయించమని, తర్వాతే ఆ సమాధానాలు చేర్చమని విద్యార్థులకు చెబుతాను. చాలామందికి ఇది నచ్చదు. అయినా చెబుతాను.

అపోహ: ఎడమచేతివాటం పిల్లలకు ఎడమచేతి గిటారే కొనాలి.

వాస్తవం: నాఫ్లర్‌ది ఎడమచేతివాటం. వాయించేది మామూలు కుడిచేతి గిటార్. అలాగని అందరూ ఆయనలాగే చేయాలని కాదు. పిల్లవాడి చేతికి రెండూ ఇచ్చి చూడండి, ఏది హాయిగా ఉంటే అదే కొనండి.

అపోహ: పేరు రావాలంటే ఇరవై ఏళ్లలోపే వచ్చేయాలి.

వాస్తవం: ఈ మాట చెప్పి ఉద్యోగస్థులైన విద్యార్థులు సాధన మానేస్తుంటే బాధగా ఉంటుంది. నాఫ్లర్ 1949 ఆగస్టు 12న గ్లాస్గోలో పుట్టాడు. తండ్రి నాజీల నుంచి తప్పించుకుని వచ్చిన హంగేరీ యూదుడు, వాస్తుశిల్పి. కుటుంబం న్యూకాజిల్ దగ్గరి బ్లైత్‌కు మారడంతో ఆయన అక్కడే పెరిగాడు. లీడ్స్‌లో యార్క్‌షైర్ ఈవెనింగ్ పోస్ట్ పత్రికలో విలేఖరిగా పనిచేశాడు, లీడ్స్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లిష్ చదివాడు, ఆ తర్వాత ఎసెక్స్‌లోని ఒక కాలేజీలో పాఠాలు చెప్పాడు. తమ్ముడు డేవిడ్, జాన్ ఇల్స్‌లీ, పిక్ విథర్స్‌లతో కలిసి డైర్ స్ట్రెయిట్స్ అనే బ్యాండు మొదలుపెట్టింది 1977లో. 120 పౌండ్లతో డెమో టేపు (నమూనా రికార్డింగ్) చేసుకుని రేడియో లండన్ వ్యాఖ్యాత చార్లీ గిల్లెట్‌కు ఇచ్చారు. ఆయనకు నచ్చి ప్రసారం చేశాడు, ఆ తర్వాతే రికార్డు కంపెనీలు కదిలాయి. 1978లో సింగిల్‌గా, అంటే విడి పాటగా, విడుదలైనప్పుడు ‘సుల్తాన్స్’ను పెద్దగా ఎవరూ పట్టించుకోలేదు. అమెరికాలోనూ బ్రిటన్‌లోనూ అది పైకి లేచింది 1979లో. అప్పటికి ఆయనకు 29 ఏళ్లు.

అపోహ: ఆయన గిటార్, ఆయన ఆంప్ (ధ్వనిని పెంచే పెట్టె) కొంటే ఆ నాదం వస్తుంది.

వాస్తవం: సాధనం లెక్కలోకి రాదని నేననను. ‘సుల్తాన్స్’ను మొదట నేషనల్ స్టీల్ అనే లోహపు గిటార్ మీద కట్టినప్పుడు అది ఆయనకే చప్పగా అనిపించింది. స్ట్రాటోకాస్టర్ (స్ట్రాట్) అనే ఎలక్ట్రిక్ గిటార్ చేతికి వచ్చాకే దానికి ప్రాణం వచ్చింది. తీగల కంపనాన్ని అందుకునే రెండు పికప్‌ల మధ్య స్థానంలో స్విచ్ ఉంచితే వచ్చే ఆ సన్నని, డొల్లగా మోగే ధ్వనిని మామూలు స్ట్రాట్ మీద కూడా ఎవరైనా పట్టుకోవచ్చు.

డైర్ స్ట్రెయిట్స్ పాట ‘మనీ ఫర్ నథింగ్’ సంగతి వేరు. మోంట్‌సెరాట్ ద్వీపంలోని ఎయిర్ స్టూడియోస్‌లో ఆ రికార్డింగ్ జరిగినప్పుడు ఆంప్ ముందున్న మైకులు ఉండాల్సినట్టు లేవు. ఒకటి నేల వైపు తిరిగి ఉంది. సరిచేయబోయే లోపు ధ్వని విన్న సహనిర్మాత నీల్ డార్ఫ్స్‌మన్ వాటిని అలాగే వదిలేయించాడు. తర్వాత అదే నాదం మళ్లీ రాబట్టడం వాళ్లకే సాధ్యపడలేదు. 2024 జనవరిలో లండన్ క్రిస్టీస్ వేలంలో ఆ పాటతో ముడిపడిన లెస్ పాల్ గిటార్ దాదాపు 6 లక్షల పౌండ్లు పలికింది. కొన్నవారికి దక్కింది చరిత్ర. ఆ మైకు వంపు మాత్రం గిటారుతోపాటు రాదు.

అపోహ: పాటలో ‘నేను’ అంటే నాఫ్లరే.

వాస్తవం: ‘మనీ ఫర్ నథింగ్’లో మాట్లాడేది గృహోపకరణాల దుకాణంలో సరుకు మోసే మనిషి. న్యూయార్క్‌లో అలాంటి ఒకతను టీవీలోని సంగీతకారుల మీద అక్కసు వెళ్లగక్కుతుంటే విని, ఆ మాటలతోనే పాట రాశాడు. అందులోని ఒక తిట్టుపదం వల్ల 2011లో కెనడా ప్రసార ప్రమాణాల మండలి ఆ పాటను యథాతథంగా ప్రసారం చేయకూడదంది. అదే ఏడాది ఆ తీర్పును సడలించింది. ఆ పదం వినేవారికి తగిలే గాయం నిజమే. దాన్ని రచయిత అభిప్రాయంగా చదవడం మాత్రం సరికాదు. విలేఖరి చెవి ఆయనను వదలలేదు. దాదాపు ఖాళీ పబ్బులో వాయించుకుంటున్న జాజ్ బృందాన్ని చూసి ‘సుల్తాన్స్’ రాశాడు. ‘ప్రైవేట్ డాన్సర్’ తానే రాసినా అది ఆడగొంతు పాడాల్సిన పాటని గ్రహించి పక్కన పెట్టాడు. అది గాయని టీనా టర్నర్‌కు చేరింది.

అపోహ: డైర్ స్ట్రెయిట్స్‌తోనే ఆయన కథ ముగిసింది.

వాస్తవం: ఆ బ్యాండు చేసిన స్టూడియో ఆల్బమ్‌లు 6. సొంత పేరుతో 1996 నుంచి 2024 దాకా వచ్చినవి 10. ఇవి కాక ‘లోకల్ హీరో’ మొదలుకొని సినిమా సంగీతం, గిటారిస్టు చెట్ అట్కిన్స్‌తో, గాయని ఎమ్మీలూ హారిస్‌తో చేసిన ఆల్బమ్‌లు ఉన్నాయి. 2005లో ముంబయి, బెంగళూరుల్లో కూడా వాయించాడు. ‘సుల్తాన్స్’ పూర్తిచేసిన విద్యార్థికి నేను తర్వాత ఇచ్చే పాఠం 2000లో వచ్చిన ‘సెయిలింగ్ టు ఫిలడెల్ఫియా’. గాయకుడు జేమ్స్ టేలర్‌తో కలిసి పాడిన ఆ పాటలో ఇద్దరు సర్వేయర్లు, మేసన్, డిక్సన్, మాట్లాడుకుంటారు. వేళ్లకు పెద్ద కష్టం పెట్టని పాట. రెండు గొంతుల మధ్య గిటార్ ఎక్కడెక్కడ మాట కలుపుతుందో ముందు కాగితం మీద గుర్తుపెట్టుకోమంటాను, ఆ తర్వాతే గిటార్ తీయమంటాను.