18వ శతాబ్దపు లండన్ నాటకశాల, విమర్శ: అపోహలు - వాస్తవాలు

ఎం.ఏ. ఇంగ్లీషులో శామ్యూల్ జాన్సన్ రాసిన షేక్‌స్పియర్ పీఠిక ఒక పేపర్లో ఉంటుంది, షెరిడన్ నాటకం ఇంకో పేపర్లో ఉంటుంది. రెండూ ఒకే ఊళ్లో, అవే నాటకశాలల చుట్టూ పుట్టాయన్న సంగతి ఏ పేపర్లోనూ రాదు. పొరపాట్లు అక్కడే మొదలవుతాయి. ఆనాటి విమర్శకుడు పుస్తకం తెరిచే ముందే పిట్‌లో (రంగానికి ఎదురుగా కింద ఉండే చోటు) బల్ల మీద కూర్చుని వచ్చినవాడు. టికెట్ ధర, కొవ్వొత్తి వెలుగు, ఆ రాత్రి జనం చేసిన గోల తెలియకపోతే అతని మాట సగమే అర్థమవుతుంది.

అపోహ: ప్రేక్షకులు చీకట్లో నిశ్శబ్దంగా కూర్చుని నాటకం చూసేవారు.

వాస్తవం: హాల్లో దీపాలు ఆర్పే పద్ధతే లేదు. కొవ్వొత్తులు చివరిదాకా వెలుగుతూనే ఉండేవి. రంగం మీద నటుడెంత కనబడేవాడో, ఎదుటి బాక్సులో (విడిగా అమర్చిన ఖరీదైన చోటు) ఎవరొచ్చారో కూడా అంతే కనబడేది. శతాబ్దం మధ్యకాలంలో బాక్సు 5 షిల్లింగులు, పిట్ 3, మొదటి గ్యాలరీ 2, పై గ్యాలరీ 1 (20 షిల్లింగులైతే ఒక పౌండు). విమర్శకులమనుకునేవాళ్ల చోటు పిట్. వాద్యబృందం వెనకే, వీపు ఆనించుకోవడానికి ఏమీ లేని బల్లలు.

ఆటంటే ఒక్క నాటకంతో అయిపోయేది కాదు. ముందు ప్రోలోగ్ (ప్రవేశ పద్యం), తర్వాత అయిదంకాల నాటకం, అంకాల మధ్య పాటలూ నాట్యాలూ, ఆపైన ఎపిలోగ్ (ముగింపు పద్యం), చివర ఒక ప్రహసనమో పాంటోమైమో. మూడో అంకం అయ్యాక వచ్చేవాళ్లకు సగం ధర. 1763లో ఈ సగం ధర తీసేయబోతే జనవరిలో డ్రూరీ లేన్ నాటకశాలలో, ఫిబ్రవరిలో కోవెంట్ గార్డెన్ నాటకశాలలో లోపలి సామానంతా విరగ్గొట్టారు. రెండు యాజమాన్యాలూ దిగి రాక తప్పలేదు. అందుకే ఏ ఉత్తరంలోనైనా నాలుగో అంకం దగ్గర గోల జరిగిందని కనిపిస్తే, వెంటనే నాటకానిదే తప్పని తేల్చకండి. సగం ధర జనం అప్పుడే లోపలికొచ్చి చోటు వెతుక్కుంటూ ఉండి ఉండవచ్చు.

అపోహ: మొదటి రాత్రి జనం ఛీకొడితే ఆ నాటకం పని అయిపోయినట్టే.

వాస్తవం: మొదటి రాత్రి ఒక పరీక్ష. తప్పిన నాటకాన్ని దిద్ది మళ్లీ తెచ్చేవారు. షెరిడన్ 'ద రైవల్స్' 1775 జనవరి 17న కోవెంట్ గార్డెన్‌లో ఆడింది. మరీ పొడవైపోయింది, కొందరికి సంభాషణలు సరిగా రాలేదు. సర్ లూషియస్ ఓట్రిగర్ అనే ఐరిష్ పాత్ర తమ జాతిని అవమానిస్తోందని జనం కోపగించుకున్నారు, ఆ వేషం కట్టిన లీ మీదికి యాపిల్ కాయ విసిరారు. షెరిడన్ నాటకాన్ని వెనక్కి తీసుకుని కుదించాడు, ఆ ఐరిష్ పాత్రను మర్యాదస్తుణ్ణి చేశాడు, వేషం క్లించ్‌కి ఇచ్చాడు. జనవరి 28న మళ్లీ ఆడితే నిలబడింది. మధ్యలో ఉన్నవి పదకొండు రోజులే!

ఇది మన చదువుకు ఎలా తగులుతుందంటే, అచ్చులో దొరికేది దిద్దిన ప్రతి. మొదటి రాత్రి జనం దేనికి మండిపడ్డారో అందులో కనబడదు. ప్రదర్శనకు ముందు ప్రభుత్వ పరిశీలకుడికి పంపిన రాతప్రతి కాలిఫోర్నియాలోని హంటింగ్టన్ గ్రంథాలయంలో, లార్పెంట్ సేకరణలో ఉంది. రెండూ పక్కపక్కన పెట్టుకుంటేనే పిట్ ఇచ్చిన తీర్పు చదవగలం. నా దృష్టిలో ఆ శతాబ్దపు విమర్శలో అత్యంత విలువైనది ఇలాంటి కొట్టివేతల్లోనే ఉంది.

అపోహ: జాన్సన్ గదిలో కూర్చుని సూత్రాలు చెప్పిన పండితుడు.

వాస్తవం: జాన్సన్ నాటకశాల దెబ్బ తిన్నవాడు. 1747లో నటుడు డేవిడ్ గారిక్ డ్రూరీ లేన్ నిర్వహణ చేపట్టినప్పుడు ప్రోలోగ్ రాసింది ఆయనే. నాటకానికి చట్టాలు చేసేది ప్రేక్షకులేనని, మెప్పిస్తేనే మాకు బతుకని అందులో నటుడి చేత చెప్పించాడు. 1749 ఫిబ్రవరిలో ఆయన సొంత విషాదనాటకం 'ఐరీన్' ఆడింది. కథానాయికను రంగం మీదే వింటినారితో గొంతు బిగించి చంపే ఘట్టం రాగానే జనం "హత్య! హత్య!" అని అరిచారు. తర్వాత ఆ చావును తెర వెనక్కి మార్చారు. నాటకం తొమ్మిది రాత్రులు నడిచింది. తొమ్మిదే ఎందుకంటే, మూడో, ఆరో, తొమ్మిదో రాత్రి వసూళ్లలో నాటకశాల ఖర్చులు పోగా మిగిలింది రచయితది. అలా జాన్సన్‌కు 195 పౌండ్ల పైచిలుకు వచ్చింది, అచ్చు హక్కుకు మరో 100. రెండో రాత్రికే నాటకం పడిపోతే రచయితకు చిల్లిగవ్వ కూడా రాదు. అందుకే స్నేహితులు మూడో రాత్రి హాలు నింపడానికి అంత తంటాలు పడేవారు.

ఈ అనుభవాల తర్వాతే 1765 పీఠిక వచ్చింది. స్థలైక్యం (కథంతా ఒకే చోట జరగడం), కాలైక్యం (ఒకే రోజులో జరగడం) పాటించాలన్న నియమాన్ని ఆయన కొట్టిపారేసిన తీరు చూడండి. ప్రేక్షకుడు మొదటి అంకం నుంచి చివరిదాకా తెలివిలోనే ఉంటాడు, రంగం రంగమేనని, నటులు నటులేనని అతనికి తెలుసు. ఒక నిమిషం దాన్ని ఈజిప్టు రాజుల మేడగా ఒప్పుకున్నవాడు అరగంటలో యుద్ధభూమిగా ఒప్పుకోలేడా? వెలుగున్న హాల్లో, ఎదుటి బాక్సు కనబడుతుండగా నాటకం చూసినవాడి వాదన ఇది. కార్యైక్యాన్ని (కథంతా ఒకే ప్రధాన కార్యం చుట్టూ నడవడం) మాత్రం ఆయన వదల్లేదు. మూడింటినీ తోసేశాడని పరీక్షలో రాస్తే తప్పు.

అపోహ: షేక్‌స్పియర్‌ను ఆరాధించిన కాలం కాబట్టి ఆయన రాసింది రాసినట్టే ఆడారు.

వాస్తవం: ఆ శతాబ్దమంతా 'కింగ్ లియర్' ఆడింది ఎక్కువగా నాహమ్ టేట్ 1681లో మార్చిన కథతో. లియర్ బతుకుతాడు, కార్డీలియా ఎడ్గర్‌ను పెళ్లాడుతుంది, విదూషకుడే ఉండడు. మధ్యలో గారిక్ కొంత మూలం తిరిగి చేర్చినా సుఖాంతం అలాగే ఉండిపోయింది. కావ్యన్యాయం (మంచివాళ్లకు మంచి, చెడ్డవాళ్లకు చెడు జరగడం) కోసం చేసిన ఈ మార్పుతో నాటకం సగం అందం పోగొట్టుకుందని అడిసన్ 1711లోనే 'స్పెక్టేటర్' పత్రికలో రాశాడు. జాన్సన్ మాత్రం కార్డీలియా చావు చదివి తట్టుకోలేకపోయానని, సంపాదకుడిగా దిద్దాల్సి వచ్చేదాకా మళ్లీ ఆ చివరి ఘట్టాల జోలికి పోలేదని చెప్పుకున్నాడు. ఈ విషయంలో జనం సుఖాంతం వైపే తీర్పు ఇచ్చేశారన్నాడు. విషాదాంతం 1823లో, విదూషకుడు 1838లో తిరిగొచ్చారు. గారిక్ అయితే 1772లో 'హామ్లెట్' నుంచి సమాధులు తవ్వేవాళ్ల ఘట్టాన్నే తీసేశాడు. 1769లో స్ట్రాట్‌ఫర్డ్‌లో ఆయన జరిపిన షేక్‌స్పియర్ ఉత్సవంలో షేక్‌స్పియర్ నాటకం ఒక్కటీ ఆడలేదు.

అపోహ: 1737 నాటక నియంత్రణ చట్టం నాటకాల నోరు పూర్తిగా మూయించింది.

వాస్తవం: చట్టం కఠినమైనదే. ఆడే 14 రోజుల ముందు ప్రతిని లార్డ్ ఛాంబర్లిన్ అనే రాజాధికారికి పంపాలి. మీరితే 50 పౌండ్ల జరిమానా. రాజ పేటెంట్ (రాజు ఇచ్చిన అనుమతిపత్రం) ఉన్న డ్రూరీ లేన్, కోవెంట్ గార్డెన్ తప్ప మిగతావాటిలో డబ్బుకు నాటకం ఆడకూడదు. హెన్రీ ఫీల్డింగ్ నాటకరచన అక్కడితో ఆగిపోయి, తర్వాత నవలల వైపు మళ్లాడు. అయితే అచ్చుకు ఈ అడ్డు లేదు. హెన్రీ బ్రూక్ 'గుస్తావస్ వాసా'ను 1739లో ఆడనివ్వకపోతే చందాలతో అచ్చువేశాడు. సందులూ వెతికారు. గారిక్ 1741 అక్టోబర్ 19న మూడో రిచర్డ్‌గా లండన్‌లో మెరిసింది పేటెంట్ లేని గుడ్‌మన్స్ ఫీల్డ్స్‌లో. ప్రకటన ప్రకారం అది సంగీత కచేరీ, టికెట్ దానికే. రెండు భాగాల మధ్య నాటకం ఉచితం!

అపోహ: పత్రికల సమీక్షలు నిష్పక్షపాతమైనవి.

వాస్తవం: సంతకం లేని సమీక్షను సగమే నమ్మండి. నాటకశాల తనే రాయించుకున్న పొగడ్తను 'పఫ్' అనేవారు. ఆ విద్యనే 1779లో షెరిడన్ 'ద క్రిటిక్'లో రంగం మీద పెట్టాడు. గారిక్‌కు పత్రికల్లో వాటాలుండేవి.

అపోహ: విమర్శ మగవాళ్ల సొత్తు.

వాస్తవం: షేక్‌స్పియర్ కథల మూలాలను వరసగా వెతికి 1753-54లో అచ్చువేసింది షార్లెట్ లెనక్స్. షేక్‌స్పియర్‌ను తప్పుపట్టిన ఫ్రెంచ్ రచయిత వోల్టేర్‌కు జవాబుగా 1769లో పేరు లేకుండా వచ్చిన గ్రంథం ఎలిజబెత్ మాంటగు రాసింది. నటి, నాటకకర్త ఎలిజబెత్ ఇంచ్‌బాల్డ్ 1806-08లో 125 నాటకాలకు ముందుమాటలు రాసింది. సన్నివేశం ఎక్కడ పండుతుందో నటిగా ఆమెకు తెలుసు.

అపోహ: నటనలో వాళ్లు చూసింది పాత్ర మొత్తాన్ని.

వాస్తవం: చూసింది ఘట్టాలను. పద్యనాటకంలో రాగం అందుకోగానే "వన్స్ మోర్" అనే మనవాళ్లకు ఇది తేలిగ్గా అర్థమవుతుంది. తెలిసిన చోట నటుడేం చేస్తాడా అని కాచుకుని ఉండేవారు. గారిక్ హామ్లెట్‌గా దయ్యాన్ని చూసే క్షణాన్ని జర్మన్ శాస్త్రవేత్త లిక్టెన్‌బర్గ్ 1775లో ఉత్తరంలో రాశాడు: చటుక్కున తిరిగి రెండు మూడు అడుగులు వెనక్కి తూలడం, మోకాళ్లు సడలడం, టోపీ కింద పడడం, చేతులు చాచి వేళ్లు విడిపోవడం, నోరు తెరుచుకుని అలాగే ఉండిపోవడం.

ఘట్టం మారిస్తే ప్రమాదమే. లేడీ మాక్‌బెత్ నిద్రలో నడిచే ఘట్టంలో కొవ్వొత్తిని చేతిలోనే ఉంచుకోవడం అంతకుముందు ఆ వేషం కట్టిన నటి మిసెస్ ప్రిచర్డ్ నాటి ఆనవాయితీ. 1785 ఫిబ్రవరి 2న నటి సారా సిడన్స్ దాన్ని కింద పెట్టబోతోందని తెలిసి, డ్రూరీ లేన్ నిర్వాహకుడైన షెరిడన్ ఆమె గదికి వచ్చి వద్దని వారించాడు. చేతుల రక్తం కడుక్కోవాలంటే రెండు చేతులూ ఖాళీగా ఉండాలి కదా అన్నది ఆమె వాదన. పెట్టేసింది. ఆట అయ్యాక షెరిడనే వచ్చి అభినందించాడు.

ఇలాంటి ఘట్టం గురించి చదివేటప్పుడు ఏ ప్రతి ముందు పెట్టుకోవాలి? 1790లలో జాన్ బెల్ అచ్చువేసిన 'బ్రిటిష్ థియేటర్' సంపుటాలు దొరికితే తీసుకోండి. ప్రదర్శనలో వదిలేసే పంక్తులకు వాటిలో ఉద్ధరణ చిహ్నాలుంటాయి. ముందు ఆ పంక్తులు దాటేసి చదవండి, తర్వాత మొత్తం చదవండి. మొదటిసారి చదివింది పిట్‌లోవాళ్లు విన్న నాటకానికి దగ్గరగా ఉంటుంది.