పాత స్టార్లకి షార్ట్ ఫిల్మ్ నివాళి: అపోహలు, వాస్తవాలు

సావిత్రి, ఎస్వీఆర్‌ల మీద మాటల్లేని 11 నిమిషాల ఎక్స్‌పెరిమెంటల్ షార్ట్ ఫిల్మ్ తీశాక కనిపించిన ప్రతి కుర్రాడూ ఇవే అడుగుతున్నాడు, అందుకే ఒకేసారి రాసి పడేస్తున్నా.

అపోహ: కలర్‌లో తీసి ఎడిటింగ్‌లో కలర్ తీసేస్తే చాలు, బ్లాక్ అండ్ వైట్.

నేనూ ఇలాగే అనుకుని బుక్కయ్యా. సావిత్రిగా వేసిన మా అమ్మాయికి ఎర్ర పట్టుచీర, ఆకుపచ్చ అంచు, సెట్లో చూస్తే మహాలక్ష్మే, తీరా మోనోలో (అంటే బ్లాక్ అండ్ వైట్‌లో) చూస్తే చీరా అంచూ కలిసిపోయి ఒకటే బూడిద రంగు. ఆ రోజు షూటింగ్ గోవిందా. ఇప్పుడు ఏ బట్టయినా కొనేముందే ఫోన్ కెమెరా మోనోలో పెట్టి చూస్తా. రంగు లేనప్పుడు మనిషిని గోడ నుంచి విడదీసేది లైటే కదా, డౌటుంటే మాయాబజార్ (1957)లో కెమెరామన్ మార్కస్ బార్ట్లే ఫ్రేములు పాజ్ చేసి, వెలుగు ఎటునుంచి పడుతోందో వెతకండి.

అపోహ: గీతలు, దుమ్ము, గబగబా నడిచే మనుషులు ఉంటేనే పాత లుక్.

అబ్బా! ఆ గీతలు ప్రింటు ఆడీ ఆడీ పడ్డవి, కొత్త ప్రింటుకి ఎందుకుంటాయి? గబగబా నడక మూకీల గొడవ, సెకనుకి తక్కువ ఫ్రేములతో తీసినవి తర్వాత 24తో ఆడిస్తే అలా పరిగెడతాయి. సావిత్రి టైముకి ఎప్పుడో 24 ఫ్రేములే.

అపోహ: నివాళి అంటే మిమిక్రీ.

దీనికి జవాబు మాయాబజార్‌లోనే ఉంది. "అహ నా పెళ్ళియంట"లో పైకి శశిరేఖ, లోపల ఘటోత్కచుడు, అంటే సావిత్రి చేస్తున్నది ఎస్వీఆర్‌ని! సిగ్గుపడుతూ పడుతూనే మధ్యలో ఘంటసాల గొంతు రాగానే ఒంట్లోకి మగతనం వచ్చేస్తుంది. మా అమ్మాయి ఆ పాటని నాలుగు రోజులు సౌండ్ మ్యూట్ చేసి చూసి అడుగు, భుజం, చూపు విడివిడిగా నోట్స్ రాసుకుంది, మేకప్ కంటే అదే ఎక్కువ పనికొచ్చింది.

అపోహ: 30 సెకన్లలోపు క్లిప్పుకి కాపీరైట్ లేదు.

అలాంటి రూలే లేదు. మన చట్టంలో సినిమాకి విడుదలైన తర్వాతి ఏడాది నుంచి 60 ఏళ్ళు, అంటే 1957 సినిమాకి 2017తో సరి. కానీ పాట సాహిత్యం లెక్క వేరు, రాసినవాళ్ళు పోయాక 60 ఏళ్ళు, ఈ పాట రాసిన పింగళి గారు 1971లో పోయారు కాబట్టి 2031 చివరిదాకా ఉంటుంది. 2010లో వచ్చిన కలర్ వెర్షన్ జోలికైతే అసలు పోకండి. మేం పాటే వాడలేదు, పక్కింటి పాప గజ్జెలు తెచ్చి ఆ చప్పుడే రికార్డ్ చేశాం, అద్దె ఒక బిస్కెట్ ప్యాకెట్.