నూలు మిల్లు విస్కీ బట్టీ అయిన వైనం

స్కాట్లండ్‌లో స్టర్లింగ్ పట్టణానికి వాయవ్యంగా, డూన్ అనే చిన్న ఊరి పక్కన, టీత్ నది ఒడ్డున డీన్‌స్టన్ గ్రామం ఉంది. ఇక్కడ 1785లో నెలకొన్న నూలు మిల్లు 1965లో మూతపడింది. మరో నాలుగేళ్లకే, అంటే 1969లో, అదే ఆవరణలో విస్కీ తయారీ మొదలైంది. మూతపడిన మిల్లులు గోదాములుగానో, నివాస గృహాలుగానో మారడం ఎక్కడైనా జరిగేదే గానీ, బట్ట నేసిన చోటే మద్యం కాచడం వినడానికి వింతగా తోస్తుంది. అయితే ఆ కట్టడాలను ఎందుకు ఆ చోట, ఆ తీరున కట్టారో తెలుసుకుంటే ఈ మార్పు ఎంత సహజమో అర్థమవుతుంది. నూలుకు కావలసిన పరిస్థితులూ విస్కీకి కావలసిన పరిస్థితులూ చాలా దూరం ఒకటే. నీరు, తేమ, నిలకడైన చల్లదనం ఈ మూడింటి కోసం పద్దెనిమిది, పందొమ్మిదో శతాబ్దాల ఇంజినీర్లు పడిన శ్రమ ఫలితాన్ని నేటి విస్కీ తయారీదారులు అనుభవిస్తున్నారు.

డీన్‌స్టన్ మిల్లును స్థాపించినవారు బుకానన్ సోదరులు. నీటి శక్తితో నూలు వడికే యంత్రానికి 1769లో పేటెంటు పొందిన రిచర్డ్ ఆర్క్‌రైట్‌తో వారికి దగ్గరి వ్యాపార సంబంధాలుండేవి. ఆ కాలంలో బ్రిటన్ నూలు పరిశ్రమ అంత వేగంగా ఎదగడం వెనుక మన తీరం పాత్ర కూడా కొంత ఉంది. మచిలీపట్నం మొదలైన కోరమాండల్ రేవుల నుంచి వెళ్లిన అద్దకపు బట్టలకు అక్కడ ఎంత గిరాకీ ఏర్పడిందంటే, తమ ఉన్ని, పట్టు నేతగాళ్లను కాపాడుకోవడానికి బ్రిటన్ పార్లమెంటు 1700లోనూ 1721లోనూ నిషేధ చట్టాలు చేయవలసి వచ్చింది. 1774లో ఆ ఆంక్షలు తొలగి, బ్రిటన్‌లోనే తయారైన నూలు బట్టకు దారి తెరుచుకున్నాక, నదులు వేగంగా పారే ప్రతి లోయలోనూ మిల్లులు లేచాయి. డీన్‌స్టన్ వాటిలో ఒకటి.

టీత్ నది ట్రోసక్స్ కొండల నుంచి దిగి వస్తుంది. కొండల్లో వర్షాలు, పైన సరస్సులు ఉండడం వల్ల నదిలో నీరు ఏడాది పొడవునా ఉంటుంది. ఎగువన ఆనకట్ట కట్టి, కాలువ తవ్వి, మిల్లు దగ్గర నీటిని ఎత్తు నుంచి చక్రాలపైకి వదిలారు. వాటిలో హెర్క్యులిస్ అని పేరు పెట్టిన చక్రం వ్యాసం సుమారు 36 అడుగులు, అంటే మూడంతస్తుల ఇంటి ఎత్తు. నీరు పైనుంచి తొట్లలోకి పడి ఆ బరువుతోనే చక్రాన్ని తిప్పే పద్ధతిలో, చక్రం ఎంత పెద్దదైతే నీరు అంత ఎత్తు నుంచి దిగుతుంది, అంత ఎక్కువ శక్తి చేతికి వస్తుంది. ఆ చక్రాలు ఇప్పుడు లేవు. అదే కాలువ నీటితో టర్బైన్లు తిరుగుతున్నాయి. బట్టీ అవసరాలకు పోగా మిగిలిన విద్యుత్తును జాతీయ గ్రిడ్‌కు అమ్ముతున్నారు.

పందొమ్మిదో శతాబ్దం తొలి దశాబ్దాల్లో ఈ మిల్లు బాధ్యత చూసిన జేమ్స్ స్మిత్ గురించి ఇక్కడ కాస్త ఎక్కువగా చెప్పుకోవాలి. ఆయన నూలు మిల్లు నడుపుతూనే వ్యవసాయం మీద ప్రయోగాలు చేసినవాడు. నీరు నిలిచి పాడైన పొలాల అడుగున వరుసగా కాలువలు వేసి నీటిని లాగేసే పద్ధతితో బ్రిటన్ అంతటా పేరు పొందాడు. నేలలో తేమ ఎక్కువైతే పంటకు కలిగే చేటు గురించి అంతగా ఆలోచించిన మనిషి నడిపిన మిల్లులోనే, గాలిలో తేమ తగ్గకుండా చూసే నేతశాల 1830ల్లో లేచింది. తేమను ఒకచోట తరిమి, మరోచోట పట్టి ఉంచిన ఆ తెలివి నాకు ఎంతో గౌరవం కలిగిస్తుంది.

పత్తి పోగుకు ఒక అరుదైన గుణం ఉంది. ఉన్ని, పట్టు తడిస్తే బలహీనపడతాయి. పత్తి మాత్రం తడిస్తే బలపడుతుంది. సాపేక్ష ఆర్ద్రత 65 శాతం ఉన్న గాలిలో పత్తి తన బరువులో సుమారు 8 శాతం నీటిని పీల్చుకుని ఉంటుంది. గాలి పొడిబారితే ఆ నీరు పోయి పోగు పెళుసవుతుంది, స్థిర విద్యుత్తు పుట్టి నూగు లేస్తుంది, మగ్గం మీద పడుగు పోగులు తెగుతాయి. మంగళగిరిలోనూ వెంకటగిరిలోనూ గుంట మగ్గం మీద పనిచేసే నేతన్నకు ఈ సంగతి ఎవరూ చెప్పనక్కర్లేదు. నేలలో తవ్విన గుంటలోంచి వచ్చే తేమే పడుగును తెగకుండా కాపాడుతుంది. డీన్‌స్టన్‌లో వందలాది మరమగ్గాలు ఒకే చప్పరం కింద తిరగాలి కాబట్టి, ఆ గుంట చేసే పనిని భవనం మొత్తం చేయవలసి వచ్చింది. ఇనుప స్తంభాల మీద ఇటుక కమానులు ఒకదానికొకటి ఆనుకునేలా కట్టి, వాటి పైన మందంగా మట్టి పరిచారు. మట్టి వేడిని నెమ్మదిగా తీసుకుని నెమ్మదిగా వదులుతుంది. పగటి ఎండ లోపలికి దిగేలోగా రాత్రి వస్తుంది, వేసవి వేడి దిగేలోగా చలికాలం వస్తుంది. ఉష్ణోగ్రత నిలకడగా ఉంటే గాలిలోని ఆర్ద్రత కూడా పెద్దగా ఊగిసలాడదు. ఇదే ఆలోచనతో లీడ్స్ నగరంలో 1838-40 మధ్య కట్టిన ఒక నార మిల్లు కప్పు మీద గడ్డి పెంచి గొర్రెలను కూడా మేపారు.

1960ల నాటికి బ్రిటన్ నూలు పరిశ్రమ పోటీకి నిలవలేకపోయింది. డీన్‌స్టన్ మూతపడినప్పుడు, బ్రోడీ హెప్‌బర్న్ అనే విస్కీ వ్యాపార సంస్థ ముందుకొచ్చి దాన్ని బట్టీగా మార్చింది. మిల్లులో అంతస్తుల వారీగా ఉన్న కొన్ని నేలలను పగలగొట్టి, ఎత్తైన పాత్రలకు చోటు చేశారు. మధ్యలో 1982 నుంచి కొన్నేళ్లు పని ఆగిపోయినా, 1990లో బర్న్ స్టీవర్ట్ సంస్థ కొనుగోలు చేశాక మళ్లీ మొదలై నేటికీ సాగుతోంది.

మిల్లును కొన్నవారికి అన్నిటికన్నా విలువైనది ఆ నదే. బట్టీలో నీరు పిండి తడపడానికే కావాలనుకుంటే పొరపాటు. ఎక్కువ నీరు ఖర్చయ్యేది ఆవిరిని చల్లార్చడానికి. ఒక కిలో నీటి ఆవిరిని తిరిగి ద్రవంగా మార్చాలంటే దానిలోంచి సుమారు 2,260 కిలోజౌళ్ల వేడిని లాగాలి. చల్లార్చే నీరు 40 డిగ్రీల మేర వేడెక్కుతుందనుకుంటే, ఆ ఒక్క కిలో ఆవిరికి 13 కిలోలకు పైగా చల్లని నీరు పారాలి. సారాయి ఆవిరికి ఇంత వేడి లాగనక్కర్లేకపోయినా, బట్టీలో లేచే ఆవిరిలో నీటి వంతు ఎప్పుడూ గణనీయంగానే ఉంటుంది. చక్రాలు తిప్పిన నదికి ఇది పెద్ద పని కాదు.

సందర్శకులను మొదట తీసుకెళ్లేది మాష్ టన్ దగ్గరికి. మొలకెత్తించి ఎండబెట్టిన బార్లీని మరపట్టి, వేడి నీటిలో నానబెట్టే ఇనుప పాత్ర ఇది. చాలా బట్టీల్లో దీనికి మూత ఉంటుంది. డీన్‌స్టన్‌లో మాత్రం పోత ఇనుముతో చేసిన పాతకాలపు తెరిచిన పాత్రనే వాడుతున్నారు కాబట్టి, గట్టు మీద నిలబడి లోపల జరిగేదంతా చూడవచ్చు. గోధుమ రంగు జావలో పెద్ద ఇనుప చేతులు నెమ్మదిగా తిరుగుతుంటాయి, పైన పొగలాంటి ఆవిరి, ముక్కుకు తగిలే తీయని గింజ వాసన. అక్కడి నీటి వేడి సుమారు 64 డిగ్రీలు. ఆ సంఖ్య ఊరికే వచ్చింది కాదు. బార్లీ మొలకెత్తేటప్పుడు తన ఆహార నిల్వను తానే వాడుకోవడానికి ఆల్ఫా అమైలేజ్, బీటా అమైలేజ్ అనే ఎంజైములను సిద్ధం చేసుకుంటుంది. పిండిపదార్థపు పొడవాటి గొలుసులను మొదటిది మధ్యలో ఎక్కడపడితే అక్కడ తెంపితే, రెండోది చివరి నుంచి రెండేసి గ్లూకోజ్ ముక్కలుగా కత్తిరించి మాల్టోజ్ చక్కెరను ఇస్తుంది. వేడి తక్కువైతే పిండి సరిగా ఉబ్బదు, కాస్త ఎక్కువైతే బీటా అమైలేజ్ చెడిపోతుంది. ఆ సన్నని మధ్య దారిలోనే పని జరగాలి. మర పట్టడంలోనూ ఇంతే జాగ్రత్త ఉంది. సాధారణంగా 20 శాతం పొట్టు, 70 శాతం రవ్వ, 10 శాతం మెత్తని పిండి ఉండేలా చూస్తారు. పొట్టు అడుగున పరుచుకుని వడపోత గుడ్డలా పనిచేస్తుంది. పిండి ఎక్కువైతే అది మూసుకుపోయి తీపి ద్రవం కిందికి దిగదు. మిగిలిన పిప్పి పశువుల దాణాగా పోతుంది.

తీపి ద్రవాన్ని చల్లార్చి వాష్‌బ్యాకులనే ఎనిమిది పెద్ద తొట్లలో ఈస్ట్ కలుపుతారు. రెండు రోజుల్లోనే చక్కెర చాలావరకు ఆల్కహాలుగా మారిపోయినా, ఇక్కడ ఇంకా ఎక్కువసేపు ఉంచుతారు. ఆ అదనపు గంటల్లో లాక్టిక్ ఆమ్ల బాక్టీరియా పనిచేసి, పండ్ల వాసననిచ్చే ఎస్టర్లకు దోహదం చేస్తాయి. చివరికి చేతికొచ్చేది ఎనిమిది, తొమ్మిది శాతం ఆల్కహాలున్న, బీరు లాంటి ద్రవం.

స్వేదనం అనే ప్రక్రియ తెలుగువారికి సారా బట్టీ ద్వారా పరిచయమే. ఆల్కహాలు 78.3 డిగ్రీల దగ్గరా నీరు 100 డిగ్రీల దగ్గరా మరుగుతాయి కాబట్టి మరిగే మిశ్రమం నుంచి లేచే ఆవిరిలో ఆల్కహాలు వంతు ఎక్కువగా ఉంటుంది. డీన్‌స్టన్‌లో నాలుగు రాగి స్టిల్స్, అంటే ద్రవాన్ని మరిగించే పాత్రలు, ఉన్నాయి. మొదటి జంటలో వచ్చిన ద్రవంలో ఆల్కహాలు 20 శాతం పైచిలుకు ఉంటే, రెండో జంటలో 70 శాతం దాకా చేరుతుంది. స్టిల్ మెడ నుంచి బయలుదేరే గొట్టం పైకి వాలి ఉండడం వల్ల, బరువైన పదార్థాల ఆవిరి దారిలోనే చల్లబడి వెనక్కి జారి మళ్లీ మరుగుతుంది. రాగిని వాడడం కూడా అందానికి కాదు. కుళ్లు వాసన తెచ్చే గంధక సమ్మేళనాలు రాగితో కలిసి అక్కడే ఆగిపోతాయి. స్టీలుతో చేసిన పాత్రలో ఆ శుద్ధి జరగదు, రాగి ఆ పనిలో క్రమంగా అరిగిపోతుంది కూడా.

చివరి ద్రవం స్పిరిట్ సేఫ్ అనే ఇత్తడి, గాజు పెట్టెలోంచి పారుతుంది. పన్ను ఎగవేతను అరికట్టడానికి పందొమ్మిదో శతాబ్దంలో ప్రభుత్వం తాళం వేయించిన పెట్టె ఇది. కంప్యూటర్లు లేకుండా మనుషులే నడిపే ఈ బట్టీలో, పనివాడు గాజు వెనక తేలుతూ ఆల్కహాలు బలాన్ని చూపే హైడ్రోమీటరు చూసి చేతిపిడి తిప్పుతూ, మొదట వచ్చేదాన్నీ చివర వచ్చేదాన్నీ పక్కకు మళ్లించి నడిమి భాగాన్ని మాత్రమే ఉంచుతాడు. మొదటి భాగంలోని మిథనాల్ అనే విషపు ఆల్కహాలు వల్లే కల్తీ సారా మరణాలు జరుగుతాయని మన దగ్గర చాలామంది నమ్ముతారు. మిథనాల్ ప్రధానంగా పండ్లలోని పెక్టిన్ నుంచి వస్తుంది, ధాన్యంలో పెక్టిన్ చాలా తక్కువ. మన దేశంలో వందల ప్రాణాలు తీసిన ఘటనలకు కారణం ఎక్కువగా పరిశ్రమల కోసం తయారైన మిథనాల్‌ను మద్యంలో కలిపి అమ్మడమే. ఈ తేడా తెలియకపోతే నేరం ఎవరిదో కూడా తెలియకుండా పోతుంది.

ఇక పాత నేతశాల. చాలామంది సందర్శకులు రుచి చూసే గది కోసం తొందరపడతారు గానీ, నా దృష్టిలో డీన్‌స్టన్‌లో ఎక్కువసేపు గడపదగిన చోటు ఇదే. మగ్గాలు తీసేసిన ఆ కమానుల కింద ఇప్పుడు ఓక్ పీపాలు వరుసగా పడుకుని ఉన్నాయి. బ్రిటన్ చట్టం ప్రకారం కనీసం మూడేళ్లు ఓక్ పీపాలో ఉండకపోతే ఆ ద్రవాన్ని స్కాచ్ విస్కీ అనకూడదు. సాధారణంగా 63.5 శాతం ఆల్కహాలుతో పీపా నింపుతారు. అది చెక్కలోకి ఇంకుతూ, తిరిగి బయటికి వస్తూ ఉంటే, చెక్కలోని లిగ్నిన్ విడిపోయి వెనిలా వాసన గల వెనిలిన్‌నూ, కొవ్వు అణువులు కొబ్బరి వాసన గల లాక్టోన్లనూ ఇస్తాయి. పీపా లోపలి వైపును కాల్చడం వల్ల ఏర్పడిన బొగ్గు పొర మిగిలిన గంధకాన్ని పట్టుకుంటుంది.

ఇదే సమయంలో పీపా బయటికీ ఊపిరి వదులుతుంది. దేవదూతల వాటా అని పిలిచే ఈ నష్టం స్కాట్లండ్‌లో ఏటా సుమారు 2 శాతం. నష్టపోయేది నీరా, ఆల్కహాలా అన్నది గిడ్డంగి గాలి తేల్చే విషయం. బయటి గాలిలో ఆల్కహాలు ఆవిరి దాదాపు ఉండదు కాబట్టి ఆల్కహాలు ఎప్పుడూ బయటికే పోతుంది. నీరు మాత్రం గాలిలో ఇప్పటికే తేమ నిండి ఉంటే లోపలే ఆగుతుంది. అందుకే తేమ గల నేతశాలలో పీపాలోని ద్రవంలో ఆల్కహాలు బలం ఏటా కొద్దికొద్దిగా తగ్గుతుంది, పొడి గాలిలో నీరే ఎక్కువ పోయి బలం పెరుగుతుంది. ఆ ఆల్కహాలు ఆవిరిని తిని బతికే బౌడోనియా అనే శిలీంధ్రం విస్కీ గిడ్డంగుల గోడలను నల్లగా చేస్తుంది. ఫ్రాన్స్‌లోని కోన్యాక్ ప్రాంతపు కప్పుల మీద దీన్ని 1872లోనే గుర్తించినా, ఈ పేరు స్థిరపడింది 2007లో.

బెంగళూరులో మాల్ట్ (మొలకెత్తించిన బార్లీ) విస్కీ చేసేవారికి ఈ నేతశాల దొరకదు. అక్కడి వేడికి పీపాలోంచి ఏటా 10 శాతం, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువే ఆవిరైపోతుంది. 200 లీటర్ల పీపాను పన్నెండేళ్లు ఉంచితే, ఏటా 2 శాతం చొప్పున పోయినా స్కాట్లండ్‌లో 157 లీటర్లు మిగులుతాయి. 10 శాతం చొప్పున పోతే బెంగళూరులో మిగిలేది 56 లీటర్లు. వేడి వల్ల చెక్కలోని పదార్థాలు కూడా త్వరగా దిగుతాయి కాబట్టి, అక్కడ నాలుగైదేళ్లకే సీసాల్లో నింపుతారు.